కుదింపు లైబ్రరీ: అందరికీ ఒకటా, ఎవరిది వారికా?

డెస్క్‌టాప్ కంప్యూటరులో పీఎన్‌జీ బొమ్మ తెరిచినా, వర్డ్ ఫైలు సేవ్ చేసినా, పీడీఎఫ్ చదివినా, బ్రౌజరులో వార్తల పేజీ చూసినా లోపల జరిగే పనుల్లో ఒకటి మాత్రం తరచూ ఉమ్మడిదే. సమాచారాన్ని కుదించి దాచడం, కావలసినప్పుడు ఒక్క బైటు తేడా రాకుండా విప్పడం. ఈ పని చేసే కోడును ప్రోగ్రాములు సొంతంగా రాసుకోవడం అరుదు. జెడ్‌లిబ్, బీజిప్2, లిబ్‌ఎల్‌జెడ్‌ఎంఏ, జెడ్‌స్టాండర్డ్ వంటి లైబ్రరీల నుంచి తెచ్చుకుంటాయి. తెచ్చుకోవడానికి రెండు దారులున్నాయి. లినక్స్ డిస్ట్రిబ్యూషన్లలో లాగా కంప్యూటరు మొత్తానికి ఒకే ప్రతి ఉంచి, ప్రోగ్రాములన్నీ దాన్నే వాడుకోవడం మొదటిది. విండోస్‌లో చాలా ప్రోగ్రాములు చేసేటట్టు ఎవరి ప్రతిని వారు తమ ఫోల్డరులోనే పెట్టుకోవడం రెండోది. 2024 మార్చిలో ఎక్స్‌జెడ్ అనే కుదింపు సాఫ్ట్‌వేరులో దొంగదారి పెట్టిన ఉదంతం బయటపడ్డాక మొదటి దారి మీద చాలామందికి నమ్మకం సడలింది. ఆ సందేహాన్ని పూర్వపక్షి నోట, దానికి నా సమాధానాన్ని సిద్ధాంతి నోట ఇక్కడ వినిపిస్తున్నాను.

పూర్వపక్షి: ఉమ్మడి లైబ్రరీ అన్న ఆలోచన కరువు కాలంలో పుట్టిందండీ. 1990ల నడుమ ఇంటి కంప్యూటరులో మెమరీ మెగాబైట్లలో ఉండేది. పది ప్రోగ్రాములు ఒకే కోడును పది చోట్ల నింపుకుంటే నిజంగానే నష్టం. ఇప్పుడు అదే బల్ల మీద గిగాబైట్ల మెమరీ ఉంది. జెడ్‌లిబ్ లైబ్రరీ ఫైలు పరిమాణం వంద కిలోబైట్ల ప్రాంతంలో ఉంటుంది; పది కాదు, వంద ప్రతులు పెట్టుకున్నా ఒక ఫోన్ వీడియో పట్టేంత జాగా పట్టదు. ఆ కాస్త పొదుపు కోసం మనం చెల్లిస్తున్న ధర చూడండి. ప్రోగ్రాములన్నీ ఒకే వెర్షనుకు కట్టుబడి ఉండాలి. ఒకదాని కోసం లైబ్రరీని మారిస్తే ఇంకొకటి చెడిపోవచ్చు. విండోస్ వాడుకరులు ఈ బాధను ఏళ్ల తరబడి పడ్డారు. కొత్త ప్రోగ్రాము ఇన్‌స్టాల్ చేస్తే అది ఉమ్మడి లైబ్రరీ ఫైలును, అంటే డీఎల్‌ఎల్‌ను, తిరగరాసేది, పాత ప్రోగ్రాము తెరుచుకోవడం మానేసేది. అందుకే ఇప్పటి ధోరణి మారింది. గో భాషలో రాసిన ప్రోగ్రాము కుదింపు కోడును తన కడుపులోనే పెట్టుకుని వస్తుంది. యాప్‌ఇమేజ్ ప్యాకేజీ తనకు కావలసిన లైబ్రరీల్లో చాలావాటిని వెంట మోసుకొస్తుంది. తయారుచేసినవాడు ఏ వెర్షనుతో పరీక్షించాడో వాడుకరికి సరిగ్గా అదే అందుతుంది. ఇంతకన్నా భద్రమైన ఏర్పాటు ఏముంటుంది?

సిద్ధాంతి: పొదుపు గురించి మీరన్నది ఒప్పుకుంటాను. మెమరీ, డిస్కు మిగులుతాయన్న కారణం ఒక్కటే అయితే ఈ వాదన ఎప్పుడో ముగిసిపోయేది. నా వాదన ఆ పని స్వభావం మీద నిలబడింది. అన్ని లైబ్రరీలూ ఉమ్మడిగా ఉండాలని నేననను. ఏది ఇచ్చిపుచ్చుకోవాలో పూర్తిగా తేలిపోయి, ఆ ఒప్పందం ఏళ్లు గడిచినా మారకుండా ఉండే పనులు కొన్ని ఉంటాయి. కుదింపు అలాంటిది. తెలుగు పాఠాన్నే తీసుకోండి. యూటీఎఫ్-8లో ఒక్కో తెలుగు సంకేతానికి మూడు బైట్లు పడతాయి. వాటిలో మొదటి బైటు ఎప్పుడూ ఒకటే. రెండోది రెండు విలువల్లో ఏదో ఒకటి. కుదింపు కోడు పట్టుకునేది ఇలాంటి పునరుక్తినే. ఇంతకుముందు వచ్చిన వరుస మళ్లీ వస్తే దాన్ని తిరిగి రాయదు. ఇంత వెనక్కి వెళ్లి ఇన్ని బైట్లు తెచ్చుకొమ్మని గుర్తు పెడుతుంది. ఇది 1977లో అబ్రహాం లెంపెల్, జేకబ్ జివ్ చూపిన మార్గం. తరచుగా వచ్చే గుర్తులకు పొట్టి సంకేతాలు, అరుదైనవాటికి పొడవాటి సంకేతాలు ఇచ్చే పద్ధతిని డేవిడ్ హఫ్‌మన్ 1952లోనే ప్రకటించాడు. ఈ రెండింటినీ కలిపి ఫిల్ కాట్జ్ తన పీకేజిప్ కోసం డిఫ్లేట్ అనే రూపాన్ని ఏర్పరిచాడు. అందులో వెనక్కి చూడగల దూరం 32 కిలోబైట్లు.

1994 డిసెంబరులో యూనిసిస్ కంపెనీ జిఫ్ బొమ్మల్లోని ఎల్‌జెడ్‌డబ్ల్యూ పద్ధతి మీద తన పేటెంటుకు రుసుము అడగడంతో, పేటెంటు చిక్కులేని బొమ్మల రూపం కోసం పీఎన్‌జీ పని మొదలైంది. దానికి కావలసిన కుదింపు కోడుగా జాన్-లూ గైయీ, మార్క్ ఆడ్లర్ 1995 మే 1న జెడ్‌లిబ్‌ను విడుదల చేశారు. ఎవరైనా, దేనికైనా, రుసుము లేకుండా వాడుకోవచ్చన్నారు. 1996 మేలో ఆ రూపాలు ఆర్‌ఎఫ్‌సీ 1950, 1951, 1952 పత్రాలుగా వెలువడ్డాయి. ఆ ఏడాది కుదించిన ఫైలును ఇవాళ్టి లైబ్రరీ మారుమాట లేకుండా విప్పుతుంది. ఒప్పందం ఎంత గట్టిదో చూడాలంటే 2024 ఏప్రిల్‌లో వచ్చిన లినక్స్ డిస్ట్రిబ్యూషన్ ఫెడోరా 40ని చూడండి. అందులో పాత జెడ్‌లిబ్‌ను తీసేసి, ఆధునిక ప్రాసెసర్ల కోసం వేగంగా తిరగరాసిన జెడ్‌లిబ్-ఎన్‌జిని అదే పేరుతో, అదే పిలుపులతో దాని స్థానంలో పెట్టారు. దాని మీద ఆధారపడిన ప్రోగ్రాములకు ఆ వేగం ఒక్క మార్పుతో అందింది. మీరు చెప్పిన డీఎల్‌ఎల్ గొడవలు ఒప్పందం ఖరారు కాని లైబ్రరీల దగ్గర పుట్టినవి. ఆ అనుభవాన్ని తెచ్చి జెడ్‌లిబ్ మీద మోపడం న్యాయం కాదు.

పూర్వపక్షి: ఒప్పందం అంత గట్టిదైతే 2023 జనవరిలో జరిగినదానికి ఏమంటారు? గిట్ సాఫ్ట్‌వేరు తన ఆర్కైవులను కుదించడానికి బయటి జీజిప్ ప్రోగ్రామును పిలవడం మాని, జెడ్‌లిబ్‌తో తనలోనే కుదించుకోవడం మొదలుపెట్టింది. గిట్‌హబ్ ఆ వెర్షనుకు మారగానే, అక్కడి నుంచి సోర్స్ ఆర్కైవులు దించుకుని చెక్‌సమ్ సరిచూసే బిల్డ్ వ్యవస్థలు ఒక్కసారిగా మొరాయించాయి. లోపలి ఫైళ్లు మారలేదు. కుదించిన బైట్లు మారాయి. చివరకు గిట్‌హబ్ ఆ మార్పును వెనక్కి తీసుకోవాల్సి వచ్చింది. కుదింపు కోడు మారితే లోకం చెదురుతుందనడానికి ఇది చాలదా?

సిద్ధాంతి: ఆ ఉదంతం ఒప్పందం ఎక్కడ ఆగుతుందో చూపిస్తుంది. డిఫ్లేట్ పత్రం చెప్పేది, కుదించిన బైట్లను ఎలా అర్థం చేసుకుని విప్పాలో. ఒకే పాఠాన్ని అనేక విధాలుగా కుదించే స్వేచ్ఛను అది కావాలనే వదిలింది. జెడ్‌లిబ్‌లోనే 1 నుంచి 9 దాకా స్థాయులున్నాయి; స్థాయి మారితే బైట్లు మారతాయి, విప్పితే వచ్చే పాఠం మారదు. ఆ బిల్డ్ వ్యవస్థలు విప్పిన పాఠానికి బదులు కుదించిన రూపం మీద ముద్ర వేసుకున్నాయి. ఎవరూ ఇవ్వని హామీని నమ్ముకున్నాయి. పైగా గిట్ తన వెంట సొంత కుదింపు కోడు తెచ్చుకుని ఉన్నా, ఆ కోడు మారిననాడు అదే గొడవ వచ్చేది. కాబట్టి అది ఉమ్మడి ప్రతికీ సొంత ప్రతికీ మధ్య తగువు కాదు.

అసలు తగువు ఇంకోచోట ఉంది. విప్పే కోడు తినేది అపరిచితులు పంపిన సమాచారాన్ని. ఎక్కడో తయారైన బొమ్మ, ఎవరో పంపిన జిప్ ఫైలు, తెలియని సర్వరు నుంచి వచ్చిన పేజీ. ఎంత వెనక్కి వెళ్లాలో, ఎన్ని బైట్లు తేవాలో ఆ సమాచారమే చెబుతుంది. దురుద్దేశంతో తయారుచేసిన ఫైలు అబద్ధపు లెక్కలు చెబితే, సీ భాషలో రాసిన కోడు ఒక్కచోట ఏమరినా చాలు, మెమరీ చెడుతుంది. అందువల్ల కంప్యూటరులో దిద్దుబాటు అన్నిటికన్నా ముందు చేరవలసిన చోట్లలో ఇది ఒకటి. 2002 మార్చిలో జెడ్‌లిబ్‌లో అలాంటి లోపమే బయటపడింది. పాడైన సమాచారం వస్తే ఒకే మెమరీ ముక్కను రెండుసార్లు విడుదల చేసేది. 1.1.4 వెర్షను దాన్ని సరిదిద్దింది. ఉమ్మడి ప్రతి వాడుతున్న ప్రోగ్రాములన్నీ ఆ ఒక్క ఫైలు మారడంతో బాగుపడ్డాయి. ఆర్‌సింక్, పీపీపీ వంటి ప్రోగ్రాములు తమ లోపల సొంత ప్రతులు పెట్టుకున్నాయి. లినక్స్ కెర్నల్‌లోనూ ఒక ప్రతి ఉంది. వాటిని వెతికి, ఒక్కొక్కదాన్నీ విడిగా దిద్ది, మళ్లీ బిల్డ్ చేసి పంపవలసి వచ్చింది. లైబ్రరీల ప్రతులను ప్యాకేజీల లోపల దాచుకోవద్దని డెబియన్ డిస్ట్రిబ్యూషన్ తన నియమావళిలో చెప్పడానికి కారణం ఇలాంటి వెతుకులాటే.

పూర్వపక్షి: మీ సాక్ష్యాన్నే తిరగేసి చూడండి. ఒకే ప్రతి ఉంటే ఒకే లోపం అందరినీ పడగొడుతుంది. వేరువేరు ప్రతులుంటే కొందరైనా బతుకుతారు. ఇక దిద్దుబాటు ఆలస్యమంటారా, ఇవాళ బ్రౌజర్లు వాటంతట అవే అప్‌డేట్ అవుతాయి. క్రోమియమ్ తన సొంత జెడ్‌లిబ్‌ను వెంట ఉంచుకుని, ప్రాసెసరుకు తగ్గట్టు దానికి పదును పెట్టుకుని, అసలు లైబ్రరీ కన్నా వేగంగా నడుపుతోంది. సొంత ప్రతి ఉన్నవాడు సోమరి అనుకోవడం సరికాదు.

సిద్ధాంతి: ప్రతులు వేరైనంత మాత్రాన కోడు వేరు కాదండీ. పది ఫోల్డర్లలో ఉన్న పది జెడ్‌లిబ్‌లూ ఒకే కోడు, తేడా తేదీల్లోనే. కొత్తది బాగుపడి ఉంటుంది, పాతది పాత లోపంతోనే ఉంటుంది. నిజమైన వైవిధ్యం కావాలంటే ఒకే రూపాన్ని వేరువేరు మనుషులు వేరువేరుగా రాయాలి. గో భాషవాళ్లు చేసింది అదే, దాన్ని నేను గౌరవిస్తాను. తేదీ మీరిపోయిన ప్రతులను వైవిధ్యం అనలేం.

సొంత ప్రతి ఎంత దూరం తీసుకుపోగలదో విన్‌రార్ ఉదంతం చూపింది. ఏస్ అనే పాత రూపంలోని ఫైళ్లను విప్పడానికి ఆ ప్రోగ్రాము ఇతరులు తయారుచేసిన ఒక డీఎల్‌ఎల్‌ను వెంట ఉంచుకుంది. అది 2005 తర్వాత అప్‌డేట్ కాలేదు. 2019 ఫిబ్రవరిలో చెక్ పాయింట్ పరిశోధకులు అందులో లోపం కనిపెట్టారు. మోసపూరితంగా తయారుచేసిన ఫైలును విప్పితే, అది విండోస్ స్టార్టప్ ఫోల్డరులోకి మరో ప్రోగ్రామును జారవిడవగలదు. కంప్యూటరు తిరిగి తెరిచినప్పుడు అది నడుస్తుంది. దిద్దుదామంటే విన్‌రార్ చేతిలో ఆ డీఎల్‌ఎల్ సోర్స్ కోడు లేదు. ఏస్ ఫైళ్లు విప్పే సౌకర్యాన్నే తీసేయడం తప్ప దారి లేకపోయింది. తీసేశాక కూడా, కొత్త వెర్షనును వాడుకరే వెళ్లి తెచ్చుకోవాలి. మీరు మొదట అడిగిన భద్రమైన ఏర్పాటు, అంటే పరీక్షించిన ప్రతినే వెంట ఇవ్వడం, ఏళ్లు గడిస్తే ఇలా తయారవుతుంది.

క్రోమియమ్ సంగతి వేరు. ఆ బృందం కొన్ని వారాలకొకసారి కొత్త వెర్షను విడుదల చేస్తుంది, లోపం బయటపడితే ఇంకా ముందే చేస్తుంది, తన జెడ్‌లిబ్‌ను చూసుకునే మనుషులు దానికి ఉన్నారు. ఆ స్తోమత ఉన్నవారు సొంత ప్రతి ఉంచుకుంటే నాకు అభ్యంతరం లేదు. సొంత ప్రతి పెట్టుకోవడం అప్పు చేయడం లాంటిది, తీర్చగలిగినవాడు చేయవచ్చు. డెస్క్‌టాప్ మీది ప్రోగ్రాముల్లో చాలావాటి వెనక ఉన్నది ఒకరిద్దరు మనుషులు. పీఎన్‌జీ చూపించే చిన్న ప్రోగ్రాము రాసినవాడు కుదింపు లైబ్రరీలోని లోపాల వార్తలను జీవితాంతం గమనిస్తూ కూర్చోలేడు. ఉమ్మడి ప్రతి ఉంటే అతనికి ఆ భారమే ఉండదు.

పూర్వపక్షి: అయితే అసలు దెబ్బకు వద్దాం. ఎక్స్‌జెడ్‌లోని లిబ్‌ఎల్‌జెడ్‌ఎంఏ సరిగ్గా మీరు మెచ్చుకునే రకం లైబ్రరీ. జియా టాన్ అనే పేరుతో ఒకరు 2021 నుంచి ఓపికగా సాయం చేస్తూ వచ్చారు. 2022లో ఎవరివో తెలియని పేర్లతో పని నెమ్మదిగా సాగుతోందంటూ నిర్వాహకుడు లాసీ కొలిన్ మీద ఒత్తిడి పెరిగింది. ఆ తర్వాత ఆ సాయకుడికే బాధ్యత దక్కింది. 2024 ఫిబ్రవరి, మార్చి నెలల్లో వచ్చిన 5.6.0, 5.6.1 వెర్షన్లలో దొంగదారి చేరింది. పరీక్షల కోసమని పెట్టిన బైనరీ ఫైళ్లలో అసలు సరుకు దాచారు. దాన్ని బయటికి తీసే స్క్రిప్టు విడుదల ఆర్కైవులో మాత్రమే ఉంది, బహిరంగ రిపాజిటరీలో లేదు. దూరం నుంచి లాగిన్ కావడానికి వాడే ఓపెన్‌ఎస్‌ఎస్‌హెచ్ సర్వరుకు ఈ లైబ్రరీతో అవసరమే లేదు. కొన్ని డిస్ట్రిబ్యూషన్లు కంప్యూటరులోని సేవలను నడిపే సిస్టమ్‌డి కోసం ఆ సర్వరుకు ప్యాచ్ వేశాయి, సిస్టమ్‌డి లైబ్రరీ లిబ్‌ఎల్‌జెడ్‌ఎంఏను వెంట తెచ్చింది. అలా ఒక కుదింపు లైబ్రరీ కంప్యూటరు తాళాల దగ్గర కూర్చుంది. లాగిన్‌కు అర సెకను ఆలస్యమవుతోందని ఆండ్రెస్ ఫ్రాయిండ్ అనే ఇంజనీరు పట్టించుకుని తవ్వాడు గనక మార్చి 29న సంగతి బయటపడింది. లేకపోతే? ఇంకొక్క మాట. ఆ దొంగ వెర్షను ఫైళ్లను చక్కగా కుదించింది, చక్కగా విప్పింది. మీ ఒప్పందం పరీక్షలన్నీ నెగ్గేది!

సిద్ధాంతి: ఇది మీ వాదనలో అన్నిటికన్నా బలమైనది, సగం నిజం కూడా. ఏం చేయాలో చెప్పే ఒప్పందం, ఏం చేయకూడదో కాపలా కాయలేదు. ఎస్‌ఎస్‌హెచ్ సర్వరును అవసరమైన ముక్కలతో మాత్రమే స్టాటిక్‌గా కూర్చి ఉంటే ఆ దొంగదారికి అక్కడ చోటు దొరికేది కాదు. ఆ కోడు లోడింగ్ సమయంలో జరిగే ఏర్పాట్లను వాడుకునే తన పని కానిచ్చుకుంది. అంతవరకూ ఒప్పుకుంటాను.

అయినా, విషం ఏ దారిన వచ్చిందో విడదీసి చూద్దాం. మొదటిది, నమ్మకాన్ని దొంగిలించి విడుదల ఆర్కైవులోకి దొంగ కోడు చేర్చడం. ఆ ఆర్కైవు నుంచి సొంత ప్రతి తీసుకున్నవారికీ అదే కోడు అందేది, ఏ ప్రోగ్రాములో ఎవరు పెట్టుకున్నారో జాబితా ఉండేది కాదు. రెండోది, అవసరం లేని ప్రోగ్రాములోకి లైబ్రరీ చేరడం. ఇక్కడ తప్పు పంచుకోవడంలో లేదు, విచక్షణ లేకుండా వెంటేసుకురావడంలో ఉంది. దాని మందు కూడా అక్కడే దొరికింది. సిస్టమ్‌డి ఇప్పుడు కుదింపు లైబ్రరీలను నిజంగా అవసరమైనప్పుడే లోడ్ చేస్తుంది. ఓపెన్‌ఎస్‌ఎస్‌హెచ్ 2024 జులైలో వచ్చిన 9.8 వెర్షనులో, సిస్టమ్‌డికి కబురు పంపే చిన్న పనిని ఏ లైబ్రరీ లేకుండా తానే చేసుకుంటోంది. డిస్కు మీద ఒక్క ప్రతి ఉండటం వేరు, అది ప్రతి ప్రోగ్రాము మెమరీలోకి చొరబడటం వేరు. మొదటిదాన్ని నేను సమర్థిస్తున్నాను, రెండోదాన్ని మీతో కలిసి వ్యతిరేకిస్తున్నాను. బయటివారి ఫైళ్లు విప్పే కోడును హక్కులు తగ్గించిన విడి ప్రాసెస్‌లో నడపాలన్నది కూడా ఆ వరసలోని జాగ్రత్తే.

ఇక, సంగతి బయటపడ్డాక ఏం జరిగిందో గమనించండి. ఆ వెర్షన్లు ప్రధానంగా డెబియన్ అన్‌స్టేబుల్, ఫెడోరా ముందస్తు విడుదలలు, ఓపెన్‌సూసే టంబుల్‌వీడ్ వంటి ముందు వరుస డిస్ట్రిబ్యూషన్లకే చేరాయి; డెబియన్ స్టేబుల్ వంటివాటికి చేరలేదు. ఏ కంప్యూటరులో ఏ వెర్షను ఉందో ఒక్క కమాండుతో తెలిసింది. ఒక ప్యాకేజీని వెనక్కి తిప్పితే ఆ దొంగ కోడు కంప్యూటరు నుంచి తొలగింది. 2002లో సొంత ప్రతుల కోసం జరిగిన వెతుకులాటతో దీన్ని పోల్చండి. పైగా అర సెకను ఆలస్యాన్ని పట్టుకున్న మనిషి ఎక్స్‌జెడ్ బృందంలోనివాడు కాదు, పోస్ట్‌గ్రెస్ డేటాబేసు మీద పనిచేసే ఇంజనీరు. కోడు అందరిదీ అయి, అందరి ముందూ ఉండబట్టే బయటివాడు దాని మూలం దాకా వెళ్లగలిగాడు. సోర్స్ కోడు లేని ఏస్ డీఎల్‌ఎల్‌లోని లోపం ఏళ్ల తరబడి ఎవరి కంటా పడలేదు.

పూర్వపక్షి: మీరు చివరికి ఒక మనిషి అదృష్టవశాత్తూ చూశాడన్న దగ్గరికే వచ్చారు. అందరిదీ అన్నది చివరికి ఎవరిదీ కాకుండా పోతుంది. జెడ్‌లిబ్‌లోనే చూడండి. కుదించేటప్పుడు మెమరీ చెడగొట్టగల లోపానికి 2018లోనే రిపాజిటరీలో దిద్దుబాటు పడింది. విడుదల మాత్రం 2022 మార్చిలో, భద్రతా పరిశోధకుడు టావిస్ ఒర్మాండీ దాన్ని మళ్లీ వెలికి తెచ్చాక, 1.2.12 వెర్షనుగా వచ్చింది. నాలుగేళ్లు! లోకమంతా ఆధారపడిన కోడును చూసుకునేవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంత మంది. దీన్ని మీరు వ్యవస్థ అంటారా?

సిద్ధాంతి: ఆ నాలుగేళ్లను నేను సమర్థించను. అందరికీ ఒకే ప్రతి ఉన్నంత మాత్రాన దిద్దుబాటు పుట్టదు. పుట్టిన దిద్దుబాటును వేగంగా చేర్చడమే దాని గుణం. 2022 మార్చిలో అది పుట్టాక డిస్ట్రిబ్యూషన్లు త్వరగానే అప్‌డేట్లు పంపాయి. సొంత ప్రతుల యజమానుల్లో ఎవరు దిద్దుకున్నారో, ఎవరు దిద్దుకోలేదో చెప్పగల జాబితా ఎక్కడా లేదు. అయితే మీ ప్రశ్న అక్కడ ఆగదు, ఆగకూడదు కూడా. మనం కోడును పంచుకున్నాం, దాని సంరక్షణను పంచుకోలేదు. లాసీ కొలిన్ అలసటను వాడుకుని లోపలికి వచ్చారంటే, ఆయన ఒంటరిగా ఉండటమే అసలైన లోపం. సొంత ప్రతులు చేసుకోవడం ఆ ఒంటరితనాన్ని పోగొట్టదు. సంరక్షకులు ఎప్పటిలాగే ఒకరిద్దరే ఉంటారు, వారి పనికి కాపీలు మాత్రం వేలు అవుతాయి.

కాబట్టి నేను కోరేది మూడు పనులు. మొదటిది, కుదింపు లాంటి ఇరుకైన, స్థిరపడిన ఒప్పందం ఉన్న పనికి కంప్యూటరులో ఒకే ప్రతి ఉండాలి. సొంత ప్రతి పెట్టుకునేవారు దాన్ని ఎవరు, ఎన్నాళ్లకొకసారి సరిచూస్తారో బహిరంగంగా చెప్పాలి. రెండోది, ఆ ఉమ్మడి ప్రతి అవసరమున్న ప్రోగ్రాములోకే, అవసరమున్నంత సేపే రావాలి; విడుదల ఆర్కైవు రిపాజిటరీతో అక్షరం పొల్లుపోకుండా సరిపోతోందని ప్యాకేజీ చేసేవారు సరిచూడాలి. మూడోది డబ్బుకు, మనుషులకు సంబంధించినది. 2022లో జర్మనీ ప్రభుత్వ సొమ్ముతో మొదలైన సావరిన్ టెక్ ఫండ్ ఇలాంటి పునాది సాఫ్ట్‌వేరుకు నిధులిస్తోంది; ప్రభుత్వాలు రోడ్లకు ఇచ్చినట్టే దీనికీ ఇవ్వవచ్చని అది చూపింది. హైదరాబాదులో సర్వర్ల మీద ఉత్పత్తులు నడిపే కంపెనీలు ఈ లైబ్రరీలను రోజూ వాడుకుంటున్నాయి. తమ ఇంజనీర్లలో ఒకరిద్దరి పని గంటల్లో కొంత భాగాన్ని వీటి మార్పులు చదవడానికి, పరీక్షలు రాయడానికి కేటాయించడం వాటికి పెద్ద ఖర్చు కాదు. ఎక్స్‌జెడ్‌లో చేరిన ప్రతి మార్పునూ చదివే మరో నాలుగు జతల కళ్లు 2023లో ఉండి ఉంటే, జియా టాన్ పని ఎంతో కష్టమయ్యేది. ఉమ్మడి ప్రతి మీద మీ అనుమానం నిజమైన ప్రమాదం నుంచే పుట్టింది. దానికి జవాబు ప్రతులను పెంచుకోవడంలో లేదు, ఉన్న ఒక్క ప్రతిని చూసుకునే చేతులను పెంచడంలో ఉంది.